రోడ్డు ప్రమాద మృతుల కుటుంబాలకు నష్టపరిహారం: ఆ లెక్క ఎక్కడ తేలుతుంది?

పెద్ద ప్రమాదం జరిగిన రోజున ముఖ్యమంత్రో ప్రధానమంత్రో ప్రకటించే ఎక్స్‌గ్రేషియా గురించి అందరికీ తెలుసు. అది ప్రభుత్వం తన విచక్షణతో చేసే సాయం. ఎంత ఇవ్వాలో, ఎవరికి ఇవ్వాలో ప్రభుత్వమే నిర్ణయించుకుంటుంది. బస్సు లోయలో పడి పాతిక మంది చనిపోతే ఆ ప్రకటన వస్తుంది గానీ, పొలం నుంచి సైకిల్ మీద ఇంటికి వస్తున్న ఒక్క మనిషిని లారీ ఢీకొంటే సాధారణంగా రాదు. 2022లో దేశంలో రోడ్డు ప్రమాదాల్లో 1,68,491 మంది చనిపోయినట్లు కేంద్ర రవాణా శాఖ లెక్కలు చెబుతున్నాయి. వారిలో అత్యధికులు ఒకరిద్దరు చొప్పున, వార్తాపత్రికల జిల్లా పేజీలో నాలుగు వాక్యాలకు మించని ప్రమాదాల్లో పోయినవారే. అలాంటి కుటుంబాలకు దిక్కు ప్రభుత్వ ప్రకటన కాదు, 1988 నాటి మోటారు వాహనాల చట్టం.

ఆ చట్టం కింద వచ్చే మొత్తం దయాదాక్షిణ్యాల మీద ఆధారపడదు. దానికి సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం ఖరారు చేసిన సూత్రం ఉంది. వయసు, ఆదాయం, ఆధారపడినవారి సంఖ్య తెలిస్తే ఎవరైనా కాగితం మీద లెక్క వేసుకోవచ్చు. సూత్రం ఒకటే అయినా ఒకే వయసులో, ఒకే పని చేస్తూ చనిపోయిన ఇద్దరి కుటుంబాలకు వచ్చే డబ్బులో పది లక్షల తేడా ఉండవచ్చు. ఆ తేడాకు మూలం జడ్జి మనసులో కంటే, ప్రమాదం జరిగిన తొలి వారాల్లో పోగైన కాగితాల్లో, పోగుకాని కాగితాల్లో ఎక్కువగా ఉంటుందన్నది ఈ తీర్పులను వరుసగా చదివినవారికి అర్థమయ్యే విషయం.

ఏ దారిలో ఎంత

ప్రధానమైన దారి చట్టంలోని 166వ సెక్షన్. ఎదుటి వాహనం డ్రైవరు నిర్లక్ష్యం వల్ల ప్రమాదం జరిగిందని చూపి, మోటారు ప్రమాదాల క్లెయిమ్స్ ట్రైబ్యునల్ ముందు పిటిషన్ వేయాలి. కోర్టు ఆవరణల్లో దీన్ని ‘ఓపీ వేయడం’ అంటారు. ట్రైబ్యునల్ అంటే ప్రత్యేకంగా ఎక్కడో ఉండే కార్యాలయం కాదు. మన జిల్లాల్లో జిల్లా జడ్జి స్థాయి న్యాయమూర్తులే ఆ హోదాలో ఈ కేసులు వింటారు. ఈ దారిలో పరిహారానికి గరిష్ఠ పరిమితి లేదు. కుటుంబం అడిగిన దానికంటే ఎక్కువ రావాల్సి ఉంటే ట్రైబ్యునల్ అంతకంటే ఎక్కువ కూడా ఇవ్వవచ్చని 2002లో నాగప్ప కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది.

రెండోది 164వ సెక్షన్. 2019 సవరణతో వచ్చి 2022 ఏప్రిల్ 1 నుంచి అమలవుతున్న ఈ నిబంధన కింద, తప్పు ఎవరిదన్న విచారణతో పని లేకుండా మృతుడి కుటుంబానికి 5 లక్షల రూపాయలు చెల్లించాలి. అంతకు ముందున్న 140వ సెక్షన్‌లో ఈ మొత్తం 50 వేలు మాత్రమే. ప్రమాదం ఎలా జరిగిందో చెప్పే సాక్షి లేనప్పుడు, నిర్లక్ష్యం రుజువు చేయడం కష్టమైనప్పుడు ఈ సెక్షన్ నిజంగా అక్కరకు వస్తుంది. అయితే ఇక్కడ చాలామంది గమనించని మెలిక ఒకటి ఉంది. బీమా కంపెనీతో ఒప్పందం పద్ధతిలో ఈ 5 లక్షలు తీసుకుంటే, 166వ సెక్షన్ కింద వేసిన క్లెయిము రద్దయిపోతుందని చట్టమే చెబుతోంది. ఇరవై, ముప్ఫై లక్షలు రాగల కేసులో త్వరగా వస్తుందన్న ఆశతో 5 లక్షలకు సంతకం పెట్టడమంటే మిగతా మొత్తాన్ని వదులుకోవడమే. అంత్యక్రియల అప్పులు మీద పడి ఉన్న ఇంట్లో ఆ సంతకం ఎందుకు జరుగుతుందో ఊహించడం కష్టం కాదు; అందుకే సంతకానికి ముందు పూర్తి లెక్క ఎంత వస్తుందో తెలుసుకోవడం అవసరం.

ఢీకొన్న వాహనం ఆచూకీ దొరకకపోతే ఈ రెండు దారులూ మూసుకుపోతాయి. అప్పుడు 161వ సెక్షన్ కింద 2022లో వచ్చిన హిట్ అండ్ రన్ పరిహార పథకం మిగులుతుంది. దాని ప్రకారం మరణానికి 2 లక్షలు, తీవ్ర గాయానికి 50 వేలు ఇస్తారు. పాత పథకంలో మరణానికి ఇచ్చేది 25 వేలే. దరఖాస్తు పెట్టాల్సింది కోర్టులో కాదు, రెవెన్యూ యంత్రాంగం దగ్గర: డివిజన్ లేదా తాలూకా స్థాయిలోని విచారణాధికారి పరిశీలించి పంపితే, జిల్లా కలెక్టరు మంజూరు చేస్తారు. పథకం ఉన్నా దాని కింద దరఖాస్తులు అతి స్వల్పంగా వస్తున్నాయని గమనించిన సుప్రీంకోర్టు, నెల రోజుల్లో వాహనం జాడ దొరకకపోతే ఈ పథకం గురించి కుటుంబానికి పోలీసులే తెలియజేయాలని 2024 జనవరిలో ఆదేశించింది. తర్వాత వాహనం దొరికి పూర్తి పరిహారం వస్తే, ఈ 2 లక్షలను అందులో సర్దుబాటు చేస్తారు.

వీటితో సంబంధం లేకుండా మృతుడి పేరున ఉన్న బీమాలు వేరు. బ్యాంకు ఖాతా నుంచి ఏడాదికి 20 రూపాయలు కోసుకునే ప్రధానమంత్రి సురక్షా బీమా యోజన కింద ప్రమాద మరణానికి 2 లక్షలు వస్తాయి. తెలంగాణలో రైతుబీమా పరిధిలో ఉన్న రైతు ఏ కారణంతో మరణించినా 5 లక్షలు వస్తాయి. ఖాతా పుస్తకంలో ఆ 20 రూపాయల పద్దు ఉందో లేదో చూడటమన్నది ఇంట్లో ఎవరికీ తట్టని పని. ఇలాంటి జీవిత బీమా సొమ్మును గానీ, ప్రావిడెంట్ ఫండును గానీ, కుటుంబ పింఛనును గానీ ట్రైబ్యునల్ ఇచ్చే పరిహారం నుంచి మినహాయించకూడదని 1998లో హెలెన్ రెబెల్లో కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. కారుణ్య నియామకం కింద భార్యకు ఉద్యోగం వచ్చినా ఆ జీతాన్ని పరిహారంలోంచి తీసివేయకూడదన్నది 2013 నాటి తీర్పు.

లెక్క వేసే విధానం

2009లో సరళా వర్మ కేసు, 2017 అక్టోబరు 31న అయిదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం తీర్పు ఇచ్చిన ప్రణయ్ సేఠీ కేసు: ఈ రెండింటితో లెక్క ఒక కొలిక్కి వచ్చింది. అంతకు ముందు ఒక్కో ట్రైబ్యునల్ ఒక్కో తీరుగా మొత్తాలు నిర్ణయించేది.

ముందుగా మృతుడి నెలసరి ఆదాయాన్ని తేల్చుతారు. బతికి ఉంటే ఆ ఆదాయం పెరిగేదే కాబట్టి దానికి కొంత కలుపుతారు. స్థిరమైన ఉద్యోగమై, వయసు 40 లోపు అయితే 50 శాతం, 40 నుంచి 50 మధ్య 30 శాతం, 50 నుంచి 60 మధ్య 15 శాతం. సొంత పని చేసుకునేవారికీ, స్థిర వేతనం మీద పనిచేసేవారికీ ఇవే వయసుల్లో వరుసగా 40, 25, 10 శాతం. తర్వాత, అతడు తన కోసం ఖర్చు పెట్టుకునే భాగాన్ని తీసివేస్తారు. వివాహితుడై, ఆధారపడినవారు ఇద్దరు ముగ్గురుంటే మూడో వంతు, నలుగురి నుంచి ఆరుగురి వరకు ఉంటే నాలుగో వంతు, అంతకంటే ఎక్కువైతే అయిదో వంతు తగ్గుతుంది. అవివాహితుడైతే సాధారణంగా సగం. మిగిలిన దాన్ని ఏడాదికి లెక్కగట్టి, వయసును బట్టి నిర్ణయించిన గుణకంతో హెచ్చవేస్తారు. ఈ గుణకం 15 నుంచి 25 ఏళ్ల వారికి 18. అక్కడి నుంచి మెట్లు మెట్లుగా తగ్గుతూ 36-40 ఏళ్లకు 15, 41-45కు 14, 46-50కి 13, 51-55కు 11, 56-60కి 9, 61-65కు 7, ఆపైన 5 అవుతుంది. పెళ్లికాని కొడుకు చనిపోతే గుణకానికి చూడాల్సింది తల్లిదండ్రుల వయసు కాదు, కొడుకు వయసే.

దీనికి అదనంగా మూడు స్థిర మొత్తాలు కలుస్తాయి: సంపద నష్టం కింద 15 వేలు, అంత్యక్రియలకు 15 వేలు, తోడు కోల్పోయినందుకు 40 వేలు. మూడేళ్లకు ఒకసారి వీటిని 10 శాతం పెంచాలని ప్రణయ్ సేఠీ తీర్పులోనే ఉంది. ఆ లెక్కన రెండు పెంపుల తర్వాత, 2023 అక్టోబరు చివరి నుంచి అవి 18,150, 18,150, 48,400 అయ్యాయి. తోడు కోల్పోవడమన్నది భర్తకో భార్యకో మాత్రమే కాక, తల్లిదండ్రులకూ పిల్లలకూ కూడా వర్తిస్తుందని 2018లో మాగ్మా కేసులో కోర్టు చెప్పింది.

ఒక ఊహా ఉదాహరణ తీసుకుందాం. 38 ఏళ్ల తాపీమేస్త్రీ, నెలకు 15 వేల సంపాదన, భార్య, ఇద్దరు పిల్లలు, తల్లి. పదిహేను వేలకు 40 శాతం కలిపితే 21,000. నాలుగో వంతు తీస్తే 15,750. ఏడాదికి 1,89,000. గుణకం 15తో హెచ్చిస్తే 28,35,000. నలుగురికీ తోడు కోల్పోయిన కింద 1,93,600, మిగతా రెండు పద్దుల కింద 36,300 కలిపితే మొత్తం 30,64,900 రూపాయలు.

ఇప్పుడు ఇందులో ఒకే అంకెను మార్చి చూద్దాం. మేస్త్రీకి 15 వేలు వచ్చేవని రుజువు చేసే కాగితం లేక ట్రైబ్యునల్ నెలకు 9 వేలుగా అంచనా వేస్తే మొత్తం 19,30,900కు పడిపోతుంది. పదకొండు లక్షల పైచిలుకు పోయినట్టే. ఆదాయం 15 వేలుగానే ఒప్పుకుని, వయసు 38 కాదు 41 అని తేల్చినా, కలపాల్సిన శాతం 40 నుంచి 25కు, గుణకం 15 నుంచి 14కు దిగి, 4,72,500 తగ్గుతుంది. పుట్టినతేదీలు అధికారుల సౌకర్యాన్ని బట్టి జనవరి 1గానో జులై 1గానో నమోదైన దేశంలో ఈ మూడేళ్ల తేడా ఎంత సులువుగా వస్తుందో వేరే చెప్పక్కర్లేదు. 2024 అక్టోబరులో సుప్రీంకోర్టు ముందుకు వచ్చిన సరోజ్ కేసులో జరిగింది ఇదే. ట్రైబ్యునల్ బడి సర్టిఫికెట్ ప్రకారం మృతుడి వయసు 45గా తీసుకుని గుణకం 14 వాడితే, హైకోర్టు ఆధార్ కార్డు చూసి 47గా లెక్కగట్టి 13కు దించింది. ఆధార్ గుర్తింపు పత్రమే తప్ప పుట్టినతేదీకి రుజువు కాదని, బడి సర్టిఫికెట్‌కే విలువ ఇవ్వాలని చెప్పి సుప్రీంకోర్టు గుణకాన్ని మళ్లీ 14 చేసింది. పాత బడిలో టీసీ తెచ్చుకోవడమనే చిన్న పని ఇక్కడ లక్షల విలువ చేస్తుంది.

రసీదు లేని సంపాదన

ప్రభుత్వ ఉద్యోగి చనిపోతే జీతం స్లిప్పు చాలు. వ్యాపారి అయితే ఆదాయపు పన్ను రిటర్నులు ఉంటాయి. అసలు చిక్కంతా కూలీలు, మేస్త్రీలు, తోపుడు బండ్లవాళ్లు, కౌలు రైతుల దగ్గర. వాళ్ల సంపాదన నిజమైనదే, కానీ దానికి రసీదు లేదు. ఇలాంటి చోట ట్రైబ్యునళ్లు ప్రభుత్వం ప్రకటించే కనీస వేతనాలను ఆధారం చేసుకుంటాయి. కనీస వేతనం ఒక కొలబద్దే గానీ అదే ఆఖరి మాట కాదని, మిగతా సాక్ష్యాన్ని బట్టి అంతకంటే ఎక్కువ ఆదాయాన్ని ఒప్పుకోవచ్చని సుప్రీంకోర్టు 2021లో చెప్పింది. ఆ మిగతా సాక్ష్యం ఏమిటన్నదే ప్రశ్న. పని ఇచ్చిన కాంట్రాక్టరు కోర్టుకు వచ్చి వాంగ్మూలం ఇవ్వడం, కార్మిక సంక్షేమ మండలి గుర్తింపు కార్డు, ఫోన్‌పే, గూగుల్‌పే ద్వారా కూలి జమ అయినట్టు చూపే బ్యాంకు స్టేట్‌మెంటు, డ్వాక్రా సంఘంలో కట్టిన వాయిదాలు, పిల్లల బడి ఫీజు రసీదులు, ఇంటి రుణం వాయిదాలు: ఏ ఒక్కటీ సొంతంగా ఆదాయాన్ని నిరూపించకపోయినా, అన్నీ కలిపి చూస్తే నెలకు 9 వేలతో ఆ ఇల్లు నడవదని అర్థమవుతుంది. యజమాని పేరుతో అప్పటికప్పుడు రాయించిన సర్టిఫికెట్ మాత్రం, అది రాసిన మనిషి క్రాస్ ఎగ్జామినేషన్‌లో నిలబడకపోతే, కేసుకు మేలు కంటే కీడే ఎక్కువ చేస్తుంది.

ఇంట్లోనే పనిచేసే గృహిణి మరణించినప్పుడు ఈ సమస్య మరింత మొండిది. ఆమెకు జీతమే లేదు. 2001లో లతా వాధ్వా కేసులో ఆమె సేవల విలువను నెలకు 3 వేలుగా కోర్టు అంచనా కట్టింది. 2021 జనవరిలో వచ్చిన కీర్తి కేసు తీర్పు ఒక అడుగు ముందుకు వేసింది. అందులో జస్టిస్ ఎన్‌.వి.రమణ విడిగా రాసిన అభిప్రాయంలో, 2011 జనాభా లెక్కల ప్రకారం ఇంటిపనే ప్రధాన వృత్తి అని చెప్పిన మహిళలు దాదాపు 16 కోట్లు కాగా పురుషులు 58 లక్షల లోపే ఉన్నారని గుర్తుచేశారు. గృహిణి శ్రమకు ఊహాత్మక ఆదాయం కట్టడమే కాక, ఉద్యోగి ఆదాయానికి కలిపినట్టే దానికీ భవిష్యత్తు పెరుగుదలను కలపాలని ఆ తీర్పు నిర్దేశించింది. ఆమె నెలసరి విలువ ఎంతన్నది మాత్రం ఇప్పటికీ న్యాయమూర్తి అంచనాకే వదిలి ఉంది. కుట్టుపని, పాడి, కూలి వంటివి చేస్తున్నా పిటిషన్‌లో ‘గృహిణి’ అని ఒక్క ముక్క రాసి ఊరుకుంటే ఆ సంపాదన లెక్కలోకే రాదు.

పిల్లలు చనిపోతే లెక్క మరీ దయనీయంగా ఉంటుంది. 2013లో కిషన్ గోపాల్ కేసులో పదేళ్ల బాలుడికి ఏడాదికి 30 వేల ఊహాత్మక ఆదాయం కట్టి మొత్తం 5 లక్షలు ఇచ్చారు. అదే మొత్తం ఇప్పుడు 164వ సెక్షన్ కింద తప్పొప్పుల విచారణ లేకుండానే వస్తుందంటే, పాత తీర్పులను యథాతథంగా పట్టుకుని వాదించడం కుటుంబానికి నష్టమే.

బీమా కంపెనీ ఎప్పుడు తప్పుకుంటుంది

రోడ్డెక్కే ప్రతి వాహనానికీ థర్డ్ పార్టీ బీమా, అంటే మూడో పక్షమైన బయటివారికి జరిగే నష్టానికి చెల్లించే బీమా, తప్పనిసరి. ట్రైబ్యునల్ తీర్పు చెప్పేది డ్రైవరు, యజమానుల మీదే అయినా చెల్లించేది చాలా సందర్భాల్లో బీమా కంపెనీయే. అందుకే కోర్టులో అసలు పోరు తరచుగా కుటుంబానికీ డ్రైవరుకూ మధ్య జరగదు. పాలసీ షరతులు ఉల్లంఘించారు కాబట్టి మేం ఇవ్వం అనే బీమా కంపెనీకీ మిగతా అందరికీ మధ్య జరుగుతుంది.

లైసెన్సు విషయంలో ఈ వాదన పూర్వమంత సాగడం లేదు. డ్రైవరుకు సరైన లైసెన్సు లేకపోయినా, కుటుంబానికి ముందు డబ్బు చెల్లించి తర్వాత దాన్ని యజమాని నుంచి రాబట్టుకోవాలని కంపెనీని ఆదేశించే పద్ధతి 2004 నాటి స్వరణ్ సింగ్ కేసుతో స్థిరపడింది. తేలికపాటి వాహన లైసెన్సు ఉన్నవారు 7,500 కిలోల లోపు రవాణా వాహనాలు నడపవచ్చని 2024 నవంబరులో రాజ్యాంగ ధర్మాసనం చెప్పడంతో, ఆటోలు, చిన్న ట్రాలీల విషయంలో కంపెనీలు ఏళ్ల తరబడి ఎత్తుతూ వచ్చిన అభ్యంతరం చాలావరకు తీరిపోయింది.

తెలుగు రాష్ట్రాల పల్లెలను నిజంగా దెబ్బతీసేది మరొకటి: సరుకు రవాణా వాహనంలో మనుషులు ప్రయాణించడం. మిరపకోతలకు, నాట్లకు కూలీలను ట్రాక్టరు ట్రక్కులోనో బొలేరో ట్రాలీలోనో తీసుకెళ్లడం మనకు నిత్యకృత్యం. ఆ వాహనం బోల్తా పడితే అందులోని కూలీల విషయంలో బీమా కంపెనీకి బాధ్యత ఉండదని 2002లో ఆశా రాణి కేసులో సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చింది. సరుకు యజమాని తన సరుకుతో పాటు వెళ్తే రక్షణ ఉంది గానీ, ఊరికే ఎక్కిన ప్రయాణికుడికి లేదు. అప్పుడు పరిహారం చెల్లించాల్సింది ట్రాక్టరు యజమాని; అతడు రెండెకరాల రైతు అయితే తీర్పు చేతిలో ఉన్నా డబ్బు రాదు. కొన్ని కేసుల్లో కోర్టులు ముందు చెల్లించి తర్వాత వసూలు చేసుకోమని కంపెనీకి చెబుతున్నా, అది హక్కుగా దొరికేది కాదు. అదే ట్రాక్టరును లారీ ఢీకొని, తప్పు లారీదైతే మాత్రం పరిస్థితి పూర్తిగా వేరు. లారీకి సంబంధించినంత వరకు ట్రక్కులోని కూలీలు మూడో పక్షమే కాబట్టి లారీ బీమా కంపెనీ చెల్లించాలి. తప్పు రెండు వాహనాలదీ అయితే కుటుంబం ఎవరి నుంచైనా మొత్తం పరిహారం రాబట్టుకోవచ్చని, వాటాలు వాళ్లూ వాళ్లూ తేల్చుకోవాలని 2015లో ఖెన్యేయి కేసులో కోర్టు చెప్పింది. ఎఫ్‌ఐఆర్‌లో రెండో వాహనం ప్రస్తావన ఉందా లేదా అన్నది ఇక్కడ ఎంత కీలకమో గమనించాలి.

బైకు వెనుక కూర్చున్నవారి సంగతీ ఇలాంటిదే. బైకుకు కేవలం థర్డ్ పార్టీ పాలసీ ఉంటే, ఆ బైకు నడిపినవారి తప్పుతో వెనుక కూర్చున్నవారు చనిపోయినప్పుడు ఆ పాలసీ వర్తించదు. ప్యాకేజీ పాలసీ (సమగ్ర బీమా) ఉంటే వర్తిస్తుంది. ఇక తన తప్పుతోనే డివైడరును ఢీకొని వాహనదారు చనిపోతే, అతడు తనకు తానే మూడో పక్షం కాలేడు కాబట్టి 166వ సెక్షన్ కింద కుటుంబానికి ఏమీ రాదు. అప్పుడు మిగిలేది యజమాని-డ్రైవరుకు ఉండే 15 లక్షల వ్యక్తిగత ప్రమాద బీమా మాత్రమే. దాన్ని విడిగా తీసుకోవచ్చన్న సంగతి కూడా తెలియక, ప్రీమియం తగ్గుతుందని దాన్ని వదిలేసే వాహనదారులు లెక్కలేనంత మంది. జీతానికి లారీ నడిపే డ్రైవరు విధుల్లో ఉండగా చనిపోతే కార్మిక శాఖ పరిధిలోని ఉద్యోగుల నష్టపరిహారం దారి తెరిచే ఉంటుంది. అక్కడ తప్పు ఎవరిదన్న చర్చ ప్రధానం కాదు. కాకపోతే ఆ దారి, ట్రైబ్యునల్ దారి రెండూ అందుబాటులో ఉన్నప్పుడు ఏదో ఒకటే ఎంచుకోవాలి.

హెల్మెట్ పెట్టుకోలేదనో, బైకు మీద ముగ్గురు ఎక్కారనో పరిహారంలో కోత పెట్టమని కంపెనీలు అడుగుతుంటాయి. ముగ్గురు ఎక్కడం నేరమే అయినా, ప్రమాదానికి అది కారణమైందని చూపకుండా కోత పెట్టకూడదని 2020లో మొహమ్మద్ సిద్దిఖీ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆర్టీసీ బస్సుల విషయానికొస్తే, ప్రభుత్వ రవాణా సంస్థలకు చట్టం బీమా నుంచి మినహాయింపు పొందే వీలు కల్పించింది కాబట్టి సాధారణంగా సంస్థే చెల్లిస్తుంది. అసలు బీమాయే లేని వాహనమైతే దాన్ని పోలీసుల నుంచి విడిపించుకునే ముందు యజమాని పూచీకత్తు ఇవ్వాలని, లేదంటే వేలం వేసి ఆ సొమ్మును ట్రైబ్యునల్‌లో జమచేయాలని 2018లో సుప్రీంకోర్టు రాష్ట్రాలను ఆదేశించింది. వాహనం విడుదల కాకముందే కుటుంబం తరఫు న్యాయవాది ఈ విషయం ఎత్తితేనే దీనివల్ల ఉపయోగం.

పోలీసు స్టేషన్ నుంచి ట్రైబ్యునల్ దాకా

2022 నిబంధనల ప్రకారం ప్రమాదం గురించి పోలీసులు 48 గంటల్లో తొలి నివేదికను, 50 రోజుల్లో మధ్యంతర నివేదికను, 90 రోజుల్లో సవివర నివేదికను ట్రైబ్యునల్‌కు, బీమా కంపెనీకి పంపాలి. కుటుంబానికి ఉన్న హక్కులేమిటో తెలిపే పత్రం కూడా ఇవ్వాలి. ఈ సవివర నివేదికనే ట్రైబ్యునల్ క్లెయిము పిటిషన్‌గా స్వీకరించవచ్చు. బీమా కంపెనీ సమాచారం అందిన 30 రోజుల్లో ఎంత ఇస్తుందో చెప్పాలి. కుటుంబానికి నచ్చకపోతే విచారణ సాగుతుంది. దేశమంతా దీన్ని కచ్చితంగా పాటించాలని 2022 డిసెంబరులో గోహర్ మొహమ్మద్ కేసులో సుప్రీంకోర్టు ఆదేశాలిచ్చింది. నిబంధనలు రాసిన తీరు చూస్తే కుటుంబం కోర్టు మెట్లెక్కకుండానే పరిహారం ఇంటికి రావాలి. ఆచరణ అంత దూరం రాలేదు. కాబట్టి నివేదిక పంపారా లేదా అని స్టేషన్‌లో అడిగి, నకలు తీసుకోవడం కుటుంబం చేయాల్సిన పనే.

క్లెయిము వేయడానికి 1994 నుంచి గడువన్నదే ఉండేది కాదు. 2022 ఏప్రిల్ నుంచి మళ్లీ ఆరు నెలల గడువు వచ్చింది. భర్త పోయిన ఇంట్లో ఆరు నెలలంటే ఎంత తక్కువో చట్టం రాసినవారు ఆలోచించినట్టు లేదు. దీని చెల్లుబాటును ప్రశ్నించే పిటిషన్లు సుప్రీంకోర్టు విచారణలో ఉన్నాయి. ఈలోగా గడువు మీరిందన్న కారణంతో క్లెయిములను కొట్టివేయవద్దని 2025 నవంబరులో మధ్యంతర ఆదేశం వచ్చింది. తుది తీర్పు ఎటు పోతుందో ఎవరూ చెప్పలేరు గనుక ఆరు నెలల్లోపు వేయడమే క్షేమం.

ఎక్కడ వేయాలన్న విషయంలో చట్టం ఉదారంగా ఉంది. ప్రమాదం జరిగిన చోటే కాక, కుటుంబం నివసించే చోట కూడా వేయవచ్చు. బెంగళూరు శివార్లలో చనిపోయిన పాలమూరు కూలీ భార్య మహబూబ్‌నగర్‌లోనే కేసు వేసుకోవచ్చన్నమాట. హక్కుదారుల జాబితా కూడా మనం అనుకునేంత ఇరుకైనది కాదు. పెళ్లయిన కూతురూ, సొంతంగా సంపాదించుకునే కొడుకూ క్లెయిము వేయవచ్చు. అల్లుడి సంపాదన మీద బతికే అత్తగారు కూడా హక్కుదారేనని 2021లో జయశ్రీ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

నిర్లక్ష్యం రుజువు చేయడానికి క్రిమినల్ కేసులో కావలసినంత గట్టి సాక్ష్యం ఇక్కడ అవసరం లేదు. ఏది జరిగి ఉండటానికి ఎక్కువ అవకాశం ఉందన్నదే చూస్తారు. డ్రైవరు క్రిమినల్ కోర్టులో నిర్దోషిగా బయటపడినంత మాత్రాన పరిహారం ఆగిపోదు. అయినా ఎఫ్‌ఐఆర్, ఛార్జిషీటు, ఘటనాస్థలం పంచనామా, పోస్టుమార్టం నివేదిక, వాహన తనిఖీ అధికారి నివేదిక లేకుండా కేసు నిలబడటం చాలా కష్టం. ఊళ్లో పెద్దమనుషులు కూర్చుని, వాహన యజమాని చేత లక్షో రెండు లక్షలో ఇప్పించి, పోలీసుల దాకా పోవద్దని సర్దిచెప్పడం ఇప్పటికీ జరుగుతోంది. నిర్లక్ష్యంతో ప్రాణం తీయడమన్నది రాజీకి వీలున్న నేరం కాదు. పైగా ఎఫ్‌ఐఆర్ లేని ప్రమాదానికి బీమా కంపెనీ చేత రూపాయి కూడా కట్టించడం దాదాపు అసాధ్యం. యజమాని పాతిక లక్షల భారాన్ని కంపెనీ మోయగలిగినప్పుడు, ఆ లక్షతో నష్టపోయేది కుటుంబమే.

న్యాయవాది ఫీజు గురించి ఒక మాట. వచ్చిన పరిహారంలో ఇంత శాతం అని మాట్లాడుకోవడం బార్ కౌన్సిల్ నిబంధనలకు విరుద్ధం, అయినా వాడుకలో ఉంది. మహిళలకు, పిల్లలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగా న్యాయవాదిని ఇస్తుంది. ఈ కేసుల్లో పిటిషనర్లు చాలావరకు భార్య, తల్లి, పిల్లలే అయినా ఆ తలుపు తట్టేవారు తక్కువ. అదే సంస్థ నిర్వహించే లోక్ అదాలత్‌లో ఎన్నో కేసులు ఒక్క పూటలో తేలిపోతాయి. అక్కడి తీర్పు మీద అప్పీలు ఉండదు కాబట్టి, పైన చెప్పిన సూత్రం ప్రకారం పూర్తి లెక్క చేతిలో పెట్టుకుని, ఎంత తగ్గించుకుంటున్నామో తెలిసి ఒప్పుకోవడం వేరు, తెలియక ఒప్పుకోవడం వేరు.

తీర్పు తర్వాత

పిటిషన్ వేసిన రోజు నుంచి పరిహారం మీద వడ్డీ వస్తుంది. కేసు నాలుగేళ్లు సాగితే ఆ వడ్డీయే చెప్పుకోదగ్గ మొత్తం అవుతుంది, కాబట్టి పిటిషన్ ఆలస్యం చేస్తే వడ్డీ కూడా పోయినట్టే. తీర్పు నచ్చనివారు 90 రోజుల్లో హైకోర్టుకు వెళ్లవచ్చు. వివాదంలో ఉన్న మొత్తం లక్షలోపు అయితే అప్పీలు లేదు. చెల్లించాల్సినవారు అప్పీలుకు వెళ్లాలంటే 25 వేలు గానీ, తీర్పు మొత్తంలో సగం గానీ, ఏది తక్కువైతే అది ముందుగా జమచేయాలి. పాతిక లక్షల తీర్పు మీద పాతిక వేలు కట్టి అప్పీలుకు వెళ్లగలగడం ఈ చట్టంలోని బలహీనతల్లో ఒకటి. అందుకే స్టే ఇచ్చేటప్పుడు ఇంకొంత మొత్తం జమచేయించమని కుటుంబం తరఫున హైకోర్టును అడగడం అవసరం. ఎంతకీ చెల్లించని యజమాని నుంచి భూమిశిస్తు బకాయిల మాదిరిగా వసూలు చేయాలని ట్రైబ్యునల్ కలెక్టరుకు ధ్రువపత్రం పంపవచ్చు.

డబ్బు జమ అయ్యాక కూడా అంతా ఒకేసారి చేతికి రాదు. బంధువులో మధ్యవర్తులో కాజేయకుండా, మైనర్ పిల్లల వాటాను వారికి మేజరు వయసు వచ్చేదాకా, చదువురాని భార్య వాటాలో కొంత భాగాన్ని కొన్నేళ్ల పాటు జాతీయ బ్యాంకులో ఫిక్స్‌డ్ డిపాజిట్‌గా ఉంచాలని 1993లో సూసమ్మ థామస్ కేసులో సుప్రీంకోర్టు సూచించిన పద్ధతినే ట్రైబ్యునళ్లు అనుసరిస్తున్నాయి. ఆ డిపాజిట్ మీద ట్రైబ్యునల్ అనుమతి లేకుండా బ్యాంకు అప్పు ఇవ్వదు. అయితే పిల్లల కాలేజీ ఫీజుకో, ఆపరేషన్‌కో, ఇల్లు కట్టుకోవడానికో అవసరమైతే, అంచనా పత్రం జతచేసి అదే ట్రైబ్యునల్‌లో చిన్న పిటిషన్ వేస్తే గడువుకు ముందే తీసుకునేందుకు అనుమతి ఇస్తారు.